దారి తెలియడం ఆడా మగా లెక్క కాదు సార్, ముందు మన వైజాగ్ రోడ్ల మీద టెస్ట్ పెట్టి చూడండి

ఎడిటర్ గారికి నమస్కారం అండీ.

మొన్న ఆదివారం మీ అనుబంధంలో "మీకు దారి తెలివి ఎంత" అని పది ప్రశ్నల క్విజ్ ఒకటి వేశారు కదా, దాని గురించే ఈ ఉత్తరం. ప్రశ్నలు చదివాను, మార్కుల పట్టిక చూశాను, అంతవరకు టైంపాస్ కి బానే ఉంది, కానీ కింద బాక్స్ కట్టి "ఆడవాళ్ళకి మ్యాపు ఎక్కదు, అది పుట్టుకతో వచ్చేది, సైన్స్ కూడా ఒప్పుకుంది" అని రాశారు చూడండి, అక్కడ నాకు మండింది. ఏ సైన్స్ సార్ ఒప్పుకుంది? ఎవర్ని ఏ రోడ్డు మీద తిప్పి చూశారు? ఒక్క ముక్క లేదు. సోమవారం పొద్దున్నకల్లా ఆ బాక్స్ ఫోటో మా ఆఫీసు వాట్సాప్ గ్రూపులో పడింది, దాని కింద వరసగా నవ్వే ఎమోజీలు, నన్ను ట్యాగ్ చేసి మరీ పెట్టారు, ఎందుకంటే మా హబ్ లో అందరికీ రూట్లు వేసేది నేనే కాబట్టి.

నేను ఒక కొరియర్ హబ్ లో డిస్పాచ్ చూస్తానండీ, కంచరపాలెం దగ్గర. పొద్దున్నే పెద్ద బండి వస్తుంది, బ్యాగులు విప్పి పార్సిళ్ళు ఏరియా వారీగా వేరు చేసి ఒక్కో కుర్రాడికి ఏ ఇళ్ళకి ఏ పార్సిళ్ళో రాసిన రన్ షీట్ ఇవ్వాలి, సాయంత్రం ఎన్ని డెలివరీ అయ్యాయి ఎన్ని వెనక్కొచ్చాయి లెక్క చూసుకోవాలి. ఈ పనిలో ఉంటే దారి విషయంలో మనిషికీ మనిషికీ ఎంత తేడా ఉంటుందో పుస్తకాలు చదవక్కర్లేదు, రోజూ కనిపిస్తుంది. ఒకే కంపెనీ ఫోను, ఒకే మ్యాపు, ఒకే అక్కయ్యపాలెం. ఒకడు మధ్యాహ్నం భోజనం టైముకి బ్యాగ్ ఖాళీ చేసుకుని వచ్చేస్తాడు, ఇంకొకడు చీకటి పడ్డాక కూడా ఫోన్ చేసి "అక్కా ఇంకా నాలుగున్నాయి, ఆ సందు ఎటు పోయిందో దొరకట్లేదు" అంటాడు. రెండోవాడు బద్ధకస్తుడేం కాదు. మొదటివాడు మహా తెలివైనవాడూ కాదు, క్యాష్ అప్పజెప్పేటప్పుడు రోజూ లెక్క తప్పుతాడు. మామూలు తెలివి వేరు, దారి తెలియడం వేరు.

ఆ దారి తెలియడం కూడా ఒకటే విద్య కాదండీ. నీకు వంట వచ్చా అంటే ఏం చెప్తాం, పులిహోర అద్భుతంగా కలిపేవాడు చేపల పులుసు తగలెట్టొచ్చు. అలాగే కొందరికి ఒకసారి వెళ్ళిన దారి అచ్చంగా గుర్తుంటుంది, కానీ ఆ దారిలో రోడ్డు తవ్వేసి ఉంటే ఇంక చేతులెత్తేస్తారు. కొందరికి మలుపులు గుర్తుండవు కానీ ఏది ఎటువైపు ఉందో తెలుసు, ఏ సందులో దింపినా బయటపడతారు. కొందరు గుర్తుల మీద నడుస్తారు, గుడి, పాన్ షాపు, ఎప్పుడో మూసేసిన సినిమా హాలు. ఇవన్నీ కలిపి ఒక మార్కు వేసేసి ఆడవాళ్ళు సున్నా మగవాళ్ళు పది అంటే ఎలా?

మీ క్విజ్ లాంటి ప్రశ్నల పద్ధతే తప్పు అని నేను అనను. 2002 లో అమెరికాలో మేరీ హెగార్టీ గారి బృందం శాంటా బార్బరా స్కేల్ అని ఒకటి తయారుచేసింది, మొత్తం 15 వాక్యాలు, కొత్త ఊళ్ళో తొందరగా దారి తప్పుతారా, వేరేవాళ్ళకి దారి బాగా చెప్పగలరా ఇలాంటివి, ఒక్కోదానికి ఒకటి నుంచి ఏడు వరకు మనకి మనమే మార్కు వేసుకోవాలి. మన గురించి మనం వేసుకున్న మార్కుకి విలువేముంటుంది అనిపిస్తుంది కదా, కానీ మనుషుల్ని నిజంగా ఒక ప్రదేశంలో తిప్పి పరీక్షిస్తే వచ్చిన ఫలితంతో ఆ మార్కు ఓ మోస్తరుగా కుదిరింది, కాగితం మీద బొమ్మలు తిప్పి చూసే పరీక్షలకంటే దీంతోనే బాగా కుదిరింది. అంటే జనానికి తమ సంగతి తమకి కొంచెం తెలుసన్నమాట. మరి మీ క్విజ్ లో ఏం అడిగారు? కారు రివర్స్ లో పార్క్ చేయగలరా అన్నారు, తిప్పిన డబ్బా బొమ్మ ఏదో చెప్పమన్నారు. కారు లేనివాడికి మొదటి ప్రశ్నలోనే మార్కు పోయింది. డబ్బా బొమ్మల పరీక్ష 1971 నుంచి ఉన్నదే, షెపర్డ్, మెట్జ్లర్ అని ఇద్దరు మొదలుపెట్టారు, అది మనసులో బొమ్మ తిప్పే శక్తికి పరీక్ష, దానికీ మన పూర్ణా మార్కెట్ సందుల్లోంచి బయటపడ్డానికీ ఉన్న సంబంధం చాలా కొంచెమే.

సరే నిజమైన టెస్ట్ ఎలా ఉంటుంది అంటే, 2016 లో సీ హీరో క్వెస్ట్ అని ఒక మొబైల్ గేమ్ వచ్చింది. లండన్ యూనివర్సిటీ కాలేజీ, ఈస్ట్ ఆంగ్లియా యూనివర్సిటీ శాస్త్రవేత్తలు, అల్జీమర్స్ అనే మతిమరుపు జబ్బు మీద పనిచేసే ఒక సంస్థ, డాయిష్ టెలికామ్ అనే ఫోన్ కంపెనీ కలిసి చేయించారు. ఆటలో మనకి పడవ ఇస్తారు. ముందు మ్యాపు చూపిస్తారు, ఎక్కడెక్కడికి ఏ వరసలో వెళ్ళాలో చూసుకోవాలి, తర్వాత మ్యాపు తీసేస్తారు, ఇంక గుర్తున్నదాన్ని బట్టి పడవ నడుపుకుంటూ పోవడమే. పడవ ప్రతి క్షణం ఎక్కడుందో ఫోను రికార్డు చేస్తుంది, అవసరం కంటే ఎంత ఎక్కువ దూరం తిరిగామో దాంట్లో తెలిసిపోతుంది. ఇంకో రకం లెవెల్ ఉంది, వంకర టింకర కాలవలో కొంత దూరం వెళ్ళాక ఆగి, బయల్దేరిన చోటు ఎటువైపు ఉందో అటు ఒక తారాజువ్వ వదలాలి. మొదటిది మ్యాపు జ్ఞాపకం, రెండోది తిరిగిన మలుపులన్నీ లోపల లెక్కపెట్టుకుంటూ రావడం. చూశారా, అక్కడే రెండు వేరే విద్యలు.

నాకు నచ్చింది ఏంటంటే వాళ్ళు ఫోను గేములు బాగా ఆడేవాళ్ళకి లాభం రాకుండా చూశారు. మొదటి రెండు లెవెల్స్ ఊరికే పడవ నడపడమే, దారి తెలియాల్సిన పని లేదు, ఆ స్పీడుని బట్టి మిగతా మార్కులు సరిచేశారు. లేకపోతే పబ్జీ ఆడే కుర్రాళ్ళందరికీ ఫస్ట్ క్లాస్ వచ్చేసేది. తర్వాత కొంతమందిని లండన్ లో, పారిస్ లో నిజం వీధుల్లో నడిపించి చూసి, గేములో బాగా చేసినవాళ్ళు వీధిలో కూడా బాగా చేస్తున్నారు అని రాశారు, 2019 లో. మీ క్విజ్ కింద రాసినాయన ఇందులో ఒక్క పనైనా చేశారా అని అడుగుతున్నా.

ఇంక ఆడా మగా సంగతికి వస్తా. ఆ గేమ్ డేటాలో 57 దేశాల వాళ్ళు 5.58 లక్షల మందిని తీసుకుని 2018 లో ఫలితాలు వేశారు. సగటు మీద మగవాళ్ళకి ఎక్కువే వచ్చింది, ఆ మాట నిజం, దాచక్కర్లేదు. కానీ దేశాన్ని బట్టి ఆ తేడా మారిపోయింది! చదువు, ఉద్యోగం, ఆరోగ్యం, రాజకీయం ఇవన్నీ కలిపి ఆడామగా అసమానతకి ప్రపంచ స్థాయిలో ఒక సూచీ ఉంది కదా, దాంతో పోల్చి చూస్తే సమానత్వం ఎక్కువున్న దేశాల్లో తేడా తగ్గింది, తక్కువున్న దేశాల్లో పెరిగింది. పుట్టుకతోనే వచ్చేదైతే నార్వేలో పుట్టినా నర్సీపట్నంలో పుట్టినా అంతే ఉండాలి కదండీ. ఇంకోటి, సగటు అంటే సగటే, మగవాళ్ళ సగటు కంటే బాగా చేసిన ఆడవాళ్ళు బోలెడుమంది ఉంటారు, ఆడవాళ్ళ సగటు కంటే కిందున్న మగవాళ్ళు కూడా బోలెడుమంది, మా హబ్ కి వచ్చి చూడండి కావాలంటే.

మన దగ్గర ఆడపిల్లని ఎలా పెంచుతామో ఒక్కసారి ఆలోచించండి సార్. మగపిల్లాడు ఆరో తరగతిలోనే సైకిలేసుకుని రైల్వే న్యూ కాలనీ అంతా తిరిగొస్తాడు, సాయంత్రం దాకా రాకపోయినా "వస్తాడులే" అంటాం. ఆడపిల్లని ఇంటి గుమ్మం ముందు ఆటో ఎక్కిస్తాం, స్కూల్ గేటు ముందు దింపిస్తాం. ఇంటర్ లో కాలేజీ బస్సు, డిగ్రీలో హాస్టల్. పెళ్ళయ్యాక బండి వెనకాల కూర్చోవడం. బండి వెనక కూర్చున్నవాళ్ళకి దారి తెలియదు, ఆడైనా మగైనా, హ్యాండిల్ పట్టుకున్నవాడికి తెలుస్తుంది. ఇరవై ఏళ్ళు అలా పెంచి ఇరవై ఒకటో ఏట క్విజ్ పెట్టి నవ్వితే అది దారి తెలివికి పరీక్ష ఎలా అవుతుంది, అంతకాలం ఎవరి చేతిలో బండి తాళం ఉందో దానికి పరీక్ష అవుతుంది. (మా హబ్ లో ఇద్దరు అమ్మాయిలు డెలివరీకి వెళ్తారు, స్కూటీ మీద. ఇద్దర్నీ చూసి ఆడవాళ్ళందరి గురించి చెప్పకూడదు కాబట్టి వాళ్ళ డెలివరీ లెక్కలు రాయను, రాస్తే మీ బాక్స్ రాసినాయనకీ నాకూ తేడా ఉండదు.)

పెరిగిన చోటు సంగతి ఇంకా బావుంటుంది. అదే గేమ్ డేటా మీద 2022 లో ఇంకో పేపర్ వచ్చింది, 38 దేశాలు, దాదాపు 4 లక్షల మంది. చిన్నప్పుడు ఊరి బయట, పల్లెల్లో పెరిగినవాళ్ళకి దారి బాగా తెలుస్తోంది, సిటీలో పెరిగినవాళ్ళ కంటే. ఇప్పుడు ఎక్కడ ఉంటున్నారు అన్నదానికి కాదు, చిన్నప్పుడు ఎక్కడ పెరిగారు అన్నదానికి లింకు. సిటీల్లో కూడా షికాగోలా గళ్ళ నోటుబుక్కు మాదిరి వీధులున్న చోట పెరిగినవాళ్ళు, తిన్నగా ఉండే లెవెల్స్ లో బాగా చేశారు, ప్రాగ్ లా వంకర వీధులున్న పాత ఊళ్ళో పెరిగినవాళ్ళు మెలికలు తిరిగిన లెవెల్స్ లో కొంచెం మెరుగ్గా చేశారు. అంటే ఊరికే ఫలానావాడికి దారి తెలుసు, ఫలానావాడికి తెలియదు అనలేం, ఏ రకం దారిలో అన్నది కూడా చూడాలి.

ఇది చదివినప్పుడు నాకు మన ఊరే గుర్తొచ్చింది. వైజాగ్ లో రెండు రకాలూ ఉన్నాయి కదా. ఎంవీపీ కాలనీ, ఉక్కునగరం సెక్టార్లు గళ్ళ రకం, వన్ టౌన్ సందులు వంకర రకం. సెక్టార్ లో పెరిగిన కుర్రాణ్ణి కురుపాం మార్కెట్ రూట్ కి పంపితే మొదటి వారం ఏడుపు మొహం. వన్ టౌన్ కుర్రాణ్ణి ఎంవీపీకి పంపితే వాడి ఏడుపు వేరు, "ఏటక్కా అన్ని వీదులూ ఒక్కలాగే ఉన్నాయి, ఏ గుర్తూ లేదు" అంటాడు. మా దగ్గర పాడేరు వైపు నుంచి వచ్చిన కుర్రాడు ఒకడున్నాడు, కొత్త ఏరియా ఇస్తే మొదటిరోజు పార్సిళ్ళు పక్కన పెట్టి బండి మీద ఊరికే ఒక చుట్టు తిరిగొస్తాడు, తర్వాత ఫోను తీయడు. ఆ పేపర్ కి సాక్ష్యం అని చెప్పట్లేదు, ఒక్కడే కదా, కానీ వాడు తిరిగే పద్ధతి మాత్రం చూడాల్సిందే.

ఇక్కడ ఇంకో టెస్ట్ గురించి చెప్పాలి, మా కుర్రాళ్ళకి అచ్చు గుద్దినట్టు సరిపోయేది. ఫిలడెల్ఫియాలో టెంపుల్ యూనివర్సిటీలో నోరా న్యూకూంబ్, స్టీవెన్ వైస్‌బర్గ్ వాళ్ళు కంప్యూటర్లో సిల్క్‌టన్ అని ఒక ఊరు కట్టారు. ముందు ఒక దారి నేర్పిస్తారు, దాని మీద నాలుగు బిల్డింగులు. తర్వాత వేరే దారి, దాని మీద ఇంకో నాలుగు. ఆ తర్వాత ఈ రెండు దార్లని కలిపే రోడ్లు చూపిస్తారు. అప్పుడు ఒక బిల్డింగ్ ముందు నిలబెట్టి, ఫలానా బిల్డింగ్ ఎటువైపు ఉందో చూపించమంటారు, ఎన్ని డిగ్రీలు తప్పిందో కొలుస్తారు. మనుషులు మూడు గుంపులుగా విడిపోయారు. ఒక గుంపు రెండు దార్లనీ కలిపేసి ఒకే ఊరిగా పట్టేస్తుంది. రెండో గుంపుకి ఏ దారికి ఆ దారి బానే తెలుసు, కానీ ఈ దారి మీద నిలబడి ఆ దారి మీద బిల్డింగ్ చూపించమంటే తెల్లమొహం. మూడో గుంపుకి ఒకే దారిలో ఉన్నవి కూడా తెలియవు.

మా హబ్ లో ఎక్కువమంది ఆ రెండో గుంపే. మద్దిలపాలెం మీదుగా ఇసుకతోట దాకా వెళ్ళి హైవే వైపు నుంచి ఎంవీపీలోకి దూరడం వచ్చు, పెదవాల్తేరు మీదుగా ఇటు నుంచి ఎంవీపీకి రావడమూ వచ్చు, కానీ ఆ రెండూ ఒకే ఎంవీపీ అన్నట్టు ఉండదు వాళ్ళ బుర్రలో, రెండు వేరే ఊళ్ళు. హైవే వైపు ఇచ్చిన పార్సిల్ కస్టమర్ వాల్తేరు వైపు ఇంట్లో ఉన్నాడు అంటే మళ్ళీ మద్దిలపాలెం దాకా వెనక్కొచ్చి చుట్టు తిరిగి వెళ్తారు, లోపల నుంచి వెళ్తే ఎంతసేపు సార్ అసలు. పెట్రోలు ఎవరిది పోతోంది, వాళ్ళదే. రూట్ వేసేటప్పుడు ఈ సంగతి తెలిసి ఉంటే మనిషిని బట్టి షీట్ వేయొచ్చు, కలిపి చూడగలిగినవాడికి చెల్లాచెదురుగా ఉన్నవి, మిగతావాళ్ళకి ఒకే వరసలో ఉన్నవి. నేను అలాగే వేస్తాను, పైవాళ్ళకి చెప్తే నవ్వుతారు కానీ.

ఇప్పుడు అసలు విషయం. ఏది ఎటువైపు ఉందో చూపించే ఇదే పరీక్ష మన వైజాగ్ లో పెడితే ఒక తమాషా ఉంది. మన ఊళ్ళో ఎవర్నడిగినా సముద్రం తూర్పు అంటారు. బంగాళాఖాతం తూర్పున కదా, స్కూల్లో అలాగే చదువుకున్నాం. కానీ మన తీరం నిలువుగా లేదండీ, ఏటవాలుగా ఉంది, నైరుతి నుంచి ఈశాన్యానికి. ఆర్కే బీచ్ లో సముద్రానికి ఎదురుగా నిలబడితే మీరు చూసేది ఆగ్నేయం. భీమిలి రోడ్డు ఉత్తరానికి పోతుంది అనుకుంటాం, పోయేది ఈశాన్యానికి. మా హబ్ గుమ్మంలో నిలబెట్టి కైలాసగిరి కొండ ఎటు అని అడిగితే అందరూ ఉత్తరం వైపు చెయ్యి చాపుతారు, ఎందుకంటే బీచ్ రోడ్డు మీద అది పైన కదా, కానీ ఫోన్లో దిక్సూచి పెట్టి చూస్తే కంచరపాలెం నుంచి కైలాసగిరి దాదాపు తిన్నగా తూర్పు. డాల్ఫిన్స్ నోస్ కొండ అడిగితే ఆగ్నేయం అంటారు, అది దక్షిణం. బుర్రలో ఊరినంతా పట్టుకుని ఒక పక్కకి తిప్పి నిలువుగా నిలబెట్టేసుకున్నాం, అందరం కలిసి.

ఇది మనకొక్కళ్ళకే వచ్చిన తెగులు కాదు. 1981 లో బార్బరా ట్వెర్స్కీ అనే సైకాలజిస్టు స్టాన్‌ఫర్డ్ లో ఇదే చూపించారు, శాన్‌ఫ్రాన్సిస్కో పక్కన ఉన్న బే, అంటే అఖాతం కూడా ఏటవాలుగానే ఉంటుంది, అక్కడ ఏళ్ళ తరబడి ఉంటున్నవాళ్ళు కూడా మనసులో దాన్ని నిలువుగా నిలబెట్టేసుకుని దిక్కులు తప్పు చెప్తున్నారు. అంటే ఊరి ఆకారమే మనిషి చేత తప్పు చేయిస్తుంది. మరి బయట నుంచి వచ్చిన వాళ్ళెవరో వైజాగ్ లో డిగ్రీలు కొలిచే పరీక్ష పెట్టి, "వీళ్ళకి దిక్కులు తెలియవు" అని రాసేస్తే? మన తప్పు ఒక పద్ధతిలో ఉందనీ, అందరూ ఒకే పక్కకి తప్పుతున్నారనీ, ఆ తప్పుతోనే రోజూ హాయిగా ఇంటికి చేరుతున్నారనీ వాళ్ళకెలా తెలుస్తుంది. మన దగ్గర టెస్ట్ చేసేవాళ్ళు ముందు ఈ ఏటవాలు వల్ల వచ్చే తప్పు తీసేసి తర్వాత మనిషికీ మనిషికీ తేడా లెక్కకట్టాలి. అందుకే అంటున్నా ఈ పని ఊరు తెలిసినవాళ్ళు చేయాలి అని.

ఊరు తెలిసినవాళ్ళు అంటే ఇంకో మాట. ఆ గేములో పడవ ఇచ్చారు కదా, మన పెదజాలరిపేట, ఫిషింగ్ హార్బర్ వాళ్ళు నిజం పడవ మీద వేటకి వెళ్ళొస్తారు. ఒడ్డు మీద రెండు గుర్తులు, ఒక కొండ కొసా దాని వెనక ఇంకో కొండా, ఒక వరసలోకి వచ్చేదాకా పోయి, ఇంకో పక్క కూడా అలాగే చూసుకుని, నీళ్ళ మధ్యలో ఒక చోటుకి మళ్ళీ మళ్ళీ వెళ్ళగలిగే పద్ధతి వాళ్ళ పెద్దల దగ్గర ఉంది. నీళ్ళ మీద వీధి లేదు, బోర్డు లేదు. ఇప్పుడు మరబోట్లలో జీపీఎస్ పెట్టుకున్నారు, పెట్టుకోవాలి కూడా, ప్రాణాలతో పని. కానీ ఏ క్విజ్ లో అయినా ఆ పెద్దాయనకి మార్కులు పడే ప్రశ్న ఒక్కటుందా? స్మార్ట్ ఫోన్ గేమ్ అయితే స్మార్ట్ ఫోన్ వాడేవాళ్ళే ఆడతారు, ఆ గేమ్ కి కూడా ఆ లోటు ఉంది, 40 లక్షల మంది దాకా ఆడినా సరే.

లండన్ టాక్సీ డ్రైవర్ల సంగతి మీ పాఠకులకి చాలామందికి తెలిసే ఉంటుంది, తొందరగా చెప్పేస్తా. లండన్ నడిమధ్య ఉన్న చేరింగ్ క్రాస్ చుట్టూ 6 మైళ్ళలో ఉన్న దాదాపు 25 వేల వీధులు నేర్చుకుంటే గానీ అక్కడ లైసెన్సు రాదు. ఎలినార్ మెగ్వైర్ గారు 2000 లో వాళ్ళ మెదళ్ళు స్కాన్ చేస్తే హిప్పోకాంపస్ అనే భాగం వెనక వైపు మామూలు వాళ్ళకంటే పెద్దగా కనిపించింది. పుట్టుకతోనే పెద్దగా ఉన్నవాళ్ళు టాక్సీ నడుపుతున్నారేమో అని అడిగేవాళ్ళు ఉంటారు కదా, దానికి కొత్తగా నేర్చుకునేవాళ్ళని ఏళ్ళపాటు ఫాలో అయి 2011 లో జవాబు ఇచ్చారు, మొదట్లో అందరూ ఒకటే, పరీక్ష పాసైనవాళ్ళలోనే పెరిగింది. బస్సు డ్రైవర్లతో కూడా పోల్చారు, వాళ్ళూ రోజంతా అదే లండన్ ట్రాఫిక్ లో తిరుగుతారు కానీ రూట్ ఫిక్స్, అందుకని టాక్సీ వాళ్ళలో కనిపించినంత వీళ్ళలో కనిపించలేదు. తిరగడం ఒక్కటే చాలదన్నమాట, దారి మనమే ఎంచుకోవాలి. 2017 లో లండన్ లోనే సోహో వీధుల మీద చేసిన ప్రయోగం కూడా అదే చెప్పింది, సొంతంగా దారి వెతుక్కుంటున్నప్పుడు కొత్త వీధిలోకి తిరగ్గానే హిప్పోకాంపస్ చురుగ్గా లేచింది, ఎటు తిరగాలో మెషీన్ చెప్తున్నప్పుడు ఆ కదలిక లేదు. మా కుర్రాళ్ళలో పాడేరు అబ్బాయి ముందు ఒక చుట్టు తిరిగొస్తాడు అన్నాను చూడండి, అందుకే అన్నాను.

పెద్దవాళ్ళ విషయం ఒకటి రాయకుండా ఉండలేను, ఎందుకంటే అసలు ఆ గేమ్ పెట్టిందే దానికోసం. దారి తెలివి వయసుతో పాటు అందరికీ మెల్లగా తగ్గుతూనే ఉంటుంది, గేమ్ డేటాలో 19 ఏళ్ళ నుంచే తగ్గడం కనిపించింది, కాబట్టి అరవై ఏళ్ళాయన కొత్త ఫ్లైఓవర్ దగ్గర తికమకపడితే కంగారు అక్కర్లేదు, మన ఎన్ఏడీ జంక్షన్ దగ్గర పాతికేళ్ళ వాళ్ళే తికమకపడుతున్నారు. కానీ ముప్పై ఏళ్ళుగా నడుస్తున్న వీధిలో, పాల బూత్ నుంచి ఇంటికి దారి తెలియకపోతే అది వేరు. అల్జీమర్స్ లో మెదడులో ముందుగా దెబ్బతినే చోట్లలో దారి చూసుకునే భాగాలు కూడా ఉన్నాయి. జబ్బు వచ్చే రిస్క్ పెంచే ఏపీఓఈ4 అనే జన్యువు ఉన్నవాళ్ళు, జ్ఞాపకశక్తి పరీక్షల్లో బానే ఉన్నా, ఆ గేములో పడవని వంకరగా ఎక్కువ దూరం తిప్పారని 2019 లో తేలింది. మామూలు పరీక్షకి దొరకనిది దారి పరీక్షకి దొరికింది. మా రూట్లలో ఇలాంటి పెద్దవాళ్ళు తగుల్తూనే ఉంటారు, పక్క అపార్ట్‌మెంట్ కింద నిలబడి తన ఫ్లాటు ఏదో అడిగే పెద్దావిడ లాంటివాళ్ళు, మా కుర్రాళ్ళు లిఫ్ట్ దాకా తీసుకెళ్ళి దింపుతారు, ఇంట్లోవాళ్ళు "చాదస్తం బాబూ" అని నవ్వేస్తారు. ఒకసారి న్యూరాలజీ డాక్టర్ కి చూపించండి అని కుర్రాడు చెప్తే వినరు, పేపర్ లో వస్తే వింటారు.

చిన్నప్పట్నుంచీ దారి అసలు తెలియనివాళ్ళు కూడా ఉన్నారు. మిగతా జ్ఞాపకం బ్రహ్మాండంగా ఉంటుంది, మెదడుకి దెబ్బ తగల్లేదు, ఏ జబ్బూ లేదు, కానీ రోజూ వెళ్ళే ఆఫీసుకి కూడా దారి పట్టుబడదు. కెనడాలో జుసెప్పె ఇయారియా అనే ఆయన బృందం 2009 లో మొదటి కేసు రాసింది, తర్వాత అలాంటివాళ్ళు ఇంకా చాలామంది బయటపడ్డారు. ఇది చదివాక మా దగ్గర కొన్నాళ్ళు చేసి వెళ్ళిపోయిన ఒక అబ్బాయి గుర్తొచ్చాడు, వాడిది అదే అని నేను చెప్పలేను, నేను డాక్టర్ని కాదు, కానీ వాణ్ణి తీసేసేటప్పుడు "బుర్ర లేదు" అన్నారు, ఆ మాట మాత్రం తప్పు. బార్ కోడ్ సార్టింగ్ లో వాడంత ఫాస్ట్ గా ఇప్పటికీ ఎవరూ లేరు, లోపల పని ఇచ్చి ఉంచుకోవాల్సింది.

కాబట్టి సార్, మీ బాక్స్ వెనక్కి తీసుకుంటున్నామని రెండు లైన్లు వేయండి, ముందు అది. రెండోది, ఆంధ్రా యూనివర్సిటీలో సైకాలజీ డిపార్ట్‌మెంట్ ఉంది, జాగ్రఫీ డిపార్ట్‌మెంట్ ఉంది, మీరు పెద్ద పేపర్ కాబట్టి మీరు అడిగితే వాళ్ళు కాదనరు. గేములు, కంప్యూటర్లు లేకపోయినా పర్లేదు, జనాన్ని జగదాంబ జంక్షన్ లో నిలబెట్టి సింహాచలం ఎటు, గాజువాక ఎటు, కైలాసగిరి ఎటు అని చూపించమనండి, దిక్సూచితో డిగ్రీలు రాసుకోండి, చిన్నప్పుడు ఎక్కడ పెరిగారు, ఎన్నో ఏట నుంచి ఒంటరిగా బయటికి వెళ్ళారు, బండి తాళం ఎవరి దగ్గర ఉండేది అని కూడా పక్కన రాసుకోండి. ఆటోవాళ్ళు, జాలరిపేట వాళ్ళు, ఇంట్లో ఉండే ఆడవాళ్ళు, కాలేజీ పిల్లలు, రిటైరైన పోర్టు వాళ్ళు, అందర్నీ కలపండి. ఆ లెక్క వచ్చాక ఎంత పెద్ద బాక్స్ కావాలన్నా కట్టుకోండి, నేనే కత్తిరించి గోడకి అంటిస్తాను.

మా హబ్ కుర్రాళ్ళు, ఆ ఇద్దరు అమ్మాయిలు టెస్ట్ కి రెడీగా ఉన్నారు, అడిగాను. ఆదివారం పెడితే మంచిది, సోమవారం లోడ్ ఎక్కువ ఉంటుంది, ఎవర్నీ పంపలేను.

ఇట్లు
మీ పాఠకురాలు
కంచరపాలెం, విశాఖపట్నం